పదకొండు టేకుల వెన్నెల

కూర్చో అమ్మాయ్, ఆ కిటికీ పక్కనే కూర్చో. నల్లద్దాలు తీయకపోయినా ఎవరూ ఏమీ అనుకోరులే, ఆ కుర్చీలోకి సాయంత్రం దాకా ఎండ పడుతూనే ఉంటుంది. బెర్నీస్, ఈ పిల్లకి కాఫీ, యాపిల్ కేకు ఓ ముక్క, నాకు మామూలే. ఒరేయ్ హార్లన్, ఆ పేపరు కింద పెట్టరా. ఈ అమ్మాయి పేరు మార్లిస్, డకోటా నుంచి మూడు రోజులు కారు నడుపుకుంటూ వచ్చింది. ఎవరనుకున్నావ్? మన కొండల్లో సినిమా చేసి వెళ్లిన లియోరా క్విన్ కూతురు. ఇరవై మూడేళ్ల నుంచి ఈ బల్ల దగ్గర నేను చెబుతుంటే కోతలు, కోతలు అంటారు కదా, ఇదిగో సాక్ష్యం, తనంతట తానే నడిచొచ్చి మీ ముందు కూర్చుంది.

"సాక్ష్యం ఇంకా నోరు విప్పలేదు ఆర్లో."

చెప్పడానికి రాలేదురా, వినడానికొచ్చింది. వీడి మాట పట్టించుకోకమ్మా, వీడు మంగలి. ఊళ్లో అందరి తలలూ తన చేతిలోనే ఉంటాయని మహా పొగరు. ఆ మూల గళ్లనుడికట్టు పూరించుకుంటున్న పెద్దావిడ వెర్నా. సినిమా షూటింగుల్లో డైరెక్టర్ పక్కన కుర్చీ వేసుకుని, ఏ టేకులో ఏం చెడిందో పుస్తకంలో రాసుకునే ఉద్యోగం చేసేది. రిటైరయ్యాక మన కొండలు నచ్చి ఇక్కడే ఇల్లు కొనుక్కుంది. చెవులు మందగించాయి పాపం, మన గోల ఆవిడకి పట్టదు.

ఇందాక బయట నాకు చూపించావే ఆ ఉత్తరం, ఓసారి తియ్యమ్మా, వీళ్లూ చూస్తారు. స్టూడియో వాళ్లు వీళ్లమ్మకి రాసింది, మూడే ముక్కలు. దగ్గరి షాట్లకు పనికిరాదు, కళ్లు నిలవవు, ఒప్పందం పొడిగించడం లేదు. చూశారా? ఈ మూడు ముక్కలు పట్టుకుని బతికింది వీళ్లమ్మ. డకోటాలో ఓ చిన్న ఊళ్లో పోస్టాఫీసు కిటికీ వెనక కూర్చుని ఉద్యోగం చేసుకుంటూ, ఈ కాగితాన్ని పిండి డబ్బా అడుగున దాచుకుందట. ఇంట్లో ఏ ఫొటో తీసి చూసినా ఎదురుగా చూడదట. పెళ్లి ఫొటోలో చేతిలో పూలకేసి, ఇంకోదాంట్లో పిల్ల నెత్తికేసి, మరోదాంట్లో పక్కింటి గోడకేసి. మొన్న ఏప్రిల్లో పోయింది. నాకు నటన రాదు, నా కళ్లలో ఏమీ లేదు అనుకుంటూనే పోయింది. ఈ పిల్ల వెయ్యి మైళ్లు దాటొచ్చి అడుగుతున్నది ఒక్కటే. అమ్మ బాగా చేసిందా, చేయలేదా?

తల్లీ, సరైన మనిషి దగ్గరికే వచ్చావ్. ఈ లోకంలో ఆ సంగతి నాకు తెలిసినట్టు ఇంకొకడికి తెలీదు.

మీ అమ్మవి మూడు సినిమాలు. మొదటిదాంట్లో కాఫీ కెటిల్ పట్టుకుని గది ఈ చివర నుంచి ఆ చివరికి నడుస్తుంది. రెండోదాంట్లో రైలు కిటికీలో కూర్చుని ఉంటుంది, రైలు కదిలి వెళ్లిపోతుంది. మూడోది ఇక్కడ, మన కొండల్లో తీసిందే. మూడూ కలిపితే నాలుగు నిమిషాలు. నలభై ఏళ్లు తెర మీద తిరిగిన వాళ్లలో నాలుగు నిమిషాలు గుర్తుండేవాళ్లు ఎంతమంది చెప్పు? కాబట్టి లెక్క సరిపోయింది.

అప్పుడు నాకు ఇరవయ్యారు. దాణా కొట్లో మూటలు మోసేవాణ్ణి. సినిమావాళ్లు వచ్చి బలంగా ఉన్న కుర్రాళ్లు కావాలన్నారు, వెళ్లాను, రిఫ్లెక్టర్ చేతికిచ్చారు. అంటే ఏం లేదమ్మా, మనిషెత్తు చెక్క బోర్డు, దాని మీద వెండిరేకు. ఎండని పట్టుకుని మొహం మీదికి విసరడమే పని. పని చూస్తే పిల్లలాటలా ఉంటుంది గానీ దానికో శాస్త్రం ఉంది. బోర్డు పట్టినవాడు బోర్డునే చూడాలి, అది విసిరిన వెలుగు ముక్క ఎక్కడ పడిందో చూడాలి. ముందు నేల మీద పడెయ్యాలి, మెల్లిగా పైకి జరపాలి, చెంప అంచుకి తగిలీ తగలనట్టు ఆపాలి. ఆర్టిస్టులు అంతదాకా కళ్లు మూసుకుని ఉంటారు, యాక్షన్ అన్నాక తెరుస్తారు. మొదటి రోజు మా మేస్త్రీ ఇదంతా చెప్పాడు, నేను ఓసారి వినగానే పట్టేశాను.

ఆ రోజు గాలి ఎలాంటిదంటే, ఒక్కో బోర్డుకి ఇద్దరు మనుషులు. నాతో ఉన్నవాడు కడుపునొప్పని పొదలకేసి పరిగెత్తాడు. నేను ఒక్కణ్ణే మధ్యాహ్నం దాకా బోర్డు కదలకుండా పట్టుకున్నాను. ఇంతవరకూ హార్లన్ కూడా ఒప్పుకుంటాడు, కదరా?

"కడుపునొప్పి దాకా ఒప్పుకుంటా."

చాల్లే, అదే పదివేలు. రెండో రోజు మీ అమ్మ వచ్చింది. తెల్ల గౌను, భుజం మీద శాలువా. ఆమెది ఊరిచివర పొలం చేసుకునే ఇంటి పిల్ల వేషం. నేను ఉన్నది ఆమెకి మైలు దూరంలో, ఆ గుండ్రాళ్ల గుట్ట మీద. అక్కణ్ణుంచి వెలుగు పంపాను చూడు, వెన్నముద్ద పెనం మీద జారినట్టు వెళ్లి ఆమె చెంప మీద ఆగింది. మేకప్ చేసే ఆవిడ తన పెట్టె మూసేసి, ఇక నాకిక్కడ పనేముంది అని బస్సెక్కి వెళ్లిపోయింది. కళ్లంటావా, నీలం. పైన కొండల్లో సరస్సు ఉంటుందే, పొద్దున్నే ఎవరూ చెయ్యి పెట్టకముందు, ఆ నీలం.

ఆ తర్వాత ఏమైందో తెలుసా? సాయంత్రం ఐదవుతోంది, సూర్యుడు విట్నీ కొండ వెనక్కి దిగిపోతున్నాడు, ఇంకో షాటు మిగిలిపోయింది. డైరెక్టర్ నెత్తి పట్టుకున్నాడు. నేను చూశాను, చూశాను, బోర్డు తిప్పి సూర్యుడి మీదే పెట్టాను. తన వెలుగు తన కళ్లలోనే పడేసరికి దారి కనబడక ఉన్నచోటే ఆగిపోయాడు పాపం. నలభై నిమిషాలు. ఊళ్లో కోళ్లు గూటికి వెళ్లాలా మానాలా తెలీక మళ్లీ ఓ గుడ్డు పెట్టాయి. అడగమ్మా, హార్లన్ వాళ్ల నాన్నకి కోళ్లుండేవి.

"మా నాన్నకి కుందేళ్లుండేవి."

అవీ పెట్టాయేమో, ఎవరు చూశారు. ఆ వేడికి కొండ మీది మంచు కరిగి ఏరు పొంగింది. మన పెద్దవీధిలో మోకాలి లోతు నీళ్లు, ఆ నీళ్లలో ట్రౌట్ చేపలు, పాస్టరుగారు టోపీతో ఏడు చేపలు పట్టారు. చేపలు వేయించుకోవడానికి ఎవరూ పొయ్యి వెలిగించలేదు, పెనాలు తీసుకొచ్చి నా బోర్డు ముందు వరసగా పెట్టారు. ఇదిగో ఈ బెర్నీసే ఉప్పు తెచ్చిచ్చింది.

"నేనీ ఊరొచ్చి తొమ్మిదేళ్లయింది ఆర్లో."

అయితే నీలాంటిదే ఇంకొకావిడ. అసలు సంగతి వినండి, అసలు సంగతి మూడో రోజు. అది గుర్తొస్తే నాకిప్పటికీ కాఫీ చల్లారిపోతుంది.

అది రాత్రి సీను. రాత్రి సీను రాత్రి తీయరమ్మా, రాత్రయితే కొండలు కనబడవు కదా. మిట్టమధ్యాహ్నం తీస్తారు. కెమెరాకి నీ కళ్లద్దాల్లాంటి నల్లద్దం ఒకటి తగిలిస్తే ఎండంతా వెన్నెలైపోతుంది. చంద్రుడు ఎవరు? నేనే. నా బోర్డే. హీరో ఊరొదిలి పోతుంటాడు, గుర్రం ఎక్కేశాడు. మీ అమ్మ నీళ్లగ్లాసు పట్టుకుని గుమ్మంలోకి వస్తుంది. ఆమె ఒక్కదాని మొహమే, తెర నిండా. ఉన్నది ఒకే మాట. "నీళ్లు తాగి వెళ్లు, దారి చాలా దూరం."

నేను గుట్ట దిగి దగ్గరికొచ్చాను, పది అడుగుల దూరం. బోర్డు ఎత్తాను. ఎత్తేసరికి ఆ వెలుగు ఒక్క ఆమె మీద ఆగలేదమ్మా, మెల్లమెల్లగా కొండల మీదికి పాకింది, పొలాల మీదికి, ఊరి మీదికి. మిట్టమధ్యాహ్నం, ఊరంతా వెన్నెల. అబద్ధమైతే నా నోట్లో మట్టి పడాలి. నక్కలు బయటికొచ్చి ఊళలు పెట్టాయి. బళ్లో టీచరమ్మ లెక్క మధ్యలో చాక్‌పీసు కింద పెట్టేసి, ఇక ఇళ్లకెళ్లండర్రా అని మెల్లిగా చెప్పింది. పగలంతా తిట్టుకునే మొగుడూ పెళ్లాలు వసారాల్లో పక్కపక్కన కూర్చున్నారు. ఎవరూ గట్టిగా మాట్లాడలేదు. రాత్రి కాపలా ముసలాయన టార్చిలైటు పట్టుకుని డ్యూటీకొచ్చి, వీధి చివర నిలబడి, ఇంత అందమైన రాత్రి నా సర్వీసులో చూడలేదు అన్నాడట. గడియారం చూస్తే పన్నెండున్నర. ఏ పన్నెండున్నరో ఆయన పట్టించుకోలేదు.

ఆ వెన్నెల్లో మీ అమ్మ నిలబడి ఉంది. శాలువా అంచు గాలికి కొంచెం లేస్తోంది. చేతిలో గ్లాసులో నీళ్లు కూడా వెలుగుతున్నాయి. డైరెక్టర్ యాక్షన్ అన్నాడు, ఆమె కళ్లు తెరిచింది. బూడిదరంగు కళ్లు, వాన రాబోయే ముందు మబ్బు ఉంటుందే...

"ఇందాక నీలమన్నావ్. పోయిన వారం ఆకుపచ్చన్నావ్."

వెన్నెల్లో రంగులు మారతాయిరా, కత్తెర పట్టుకున్నవాడికి ఏం తెలుస్తుంది. ఆమె ఆ మాట అంది. నీళ్లు తాగి వెళ్లు, దారి చాలా దూరం. గుర్రం మీదున్న హీరో తన డైలాగు మర్చిపోయాడు. గుర్రం ఏడ్చింది. అది వేషాలు వేసే గుర్రం, ఇరవై సినిమాలు చేసింది, ఏనాడూ కన్నీరు పెట్టనిది. పక్కనున్న తుప్పలన్నీ విరగబూశాయి. బాంబులు మోసుకెళ్తున్న విమానం ఒకటి అటుగా పోతూ ఆ వెలుగు చూసి, యుద్ధం అయిపోయిందని వైర్‌లెస్‌లో చెప్పేసింది. ఆ ఫిల్ము కడిగిన చీకటిగదిలో దీపం అక్కర్లేకపోయింది. తర్వాత ఆ సినిమా చికాగోలో ఆడినప్పుడు, నడి చలికాలం, బయట అడుగున్నర మంచు, హాల్లోంచి బయటికొచ్చిన జనానికి మొహాలు ఎండకి కమిలిపోయి ఉన్నాయి. ముందు వరసలో వాళ్లకి ముక్కు మీద తోలు ఊడింది.

నవ్వమ్మా, నవ్వు. మీ అమ్మ కూడా ఇలాగే నవ్వేది.

ఏమిటీ? మరి అంత బాగా చేస్తే ఎందుకు పంపేశారంటావా? అదా. చెబుతా. పంపింది వాళ్లు కాదు తల్లీ, వెళ్లింది ఆమె. స్టూడియో యజమాని ఈ వీధిలోనే మోకాళ్ల మీద కూర్చుని బతిమాలాడు. అమ్మా, నువ్వుంటే మిగతావాళ్లెవరూ తెర మీద కనబడటం లేదు, అయినా ఉండు అన్నాడు. ఆమె వినలేదు. మా ఊళ్లో చలికాలం పొద్దు తొందరగా గుంకుతుంది, అక్కడ నా అవసరం ఉంది అని రైలెక్కింది. ఆ ఉత్తరం వాళ్లు పరువు కోసం రాసుకున్నది. కళ్లు నిలవవట! ఆ కళ్లు ఎలా నిలిచాయో నాకు తెలుసు. ఆ ఒక్క మాటకి పదకొండు టేకులు తీశారు. పదకొండు టేకులూ నేను రెప్ప వెయ్యలేదు, చూపు తిప్పలేదు, ఆమె మొహం తప్ప ఇంకోటి చూస్తే ఒట్టు.

"ఆర్లో, నేనో మాట అడగనా?"

ఎవరూ... వెర్నా? అడుగు, అడుగు. నీకు వినబడుతోందా?

"మొదట్నుంచీ. పదకొండు టేకులూ నువ్వు ఆమె మొహమే చూస్తూ ఉంటే, బోర్డు ఎవరు చూశారు?"

బోర్డా. బోర్డు... అదేదో మాట వరసకి అన్నాను వెర్నా. ఓ కంట బోర్డు, ఓ కంట...

"ఆ షూటింగులో డైరెక్టర్ పక్కన కూర్చున్నది నేనే. నా పుస్తకంలో పదకొండు సార్లు ఒకే మాట రాశాను. కళ్లు. కళ్లు. కళ్లు. మూసుకుపోతున్నాయి, నీళ్లు కారుతున్నాయి. ఎందుకో నాకు తెలీలేదు, అమ్మాయి భయపడుతోందనుకున్నాను. ఇన్నేళ్లూ నువ్వు సూర్యుణ్ణి ఆపావు, చేపలు పట్టించావు, నేను ఊరుకున్నాను, వినడానికి బాగానే ఉండేది. వారానికో కొత్త ముక్క కలుపుతావ్. ఇవాళ కలిపిన ముక్క ఒక్కటే నిజం."

అందరూ అలా నాకేసి చూడకండిరా. బెర్నీస్, ఆ కెటిల్ కింద పెట్టు, చెయ్యి కాలుతుంది.

అవునమ్మా. నేనే.

చూడకూడదనే అనుకున్నాను. కిందికి, నేలకేసి చూశాను, ఆమె చెప్పులు కనబడ్డాయి. చెప్పుల నుంచి గౌను అంచు, అక్కణ్ణుంచి గ్లాసు పట్టుకున్న చెయ్యి. కన్ను ఎటు పోతే బోర్డు అటే తిరిగిపోయింది. మిట్టమధ్యాహ్నపు ఎండ, వెండిరేకు, పది అడుగుల దూరం. నేరుగా కళ్లలోకి. యాక్షన్ అనగానే తెరుద్దామని చూసేది, తెరవలేకపోయేది, నీళ్లు ధారగా కారేవి. డైరెక్టర్ ఆమె మీదే అరిచాడు. బోర్డువాడి మీద ఎవరరుస్తారు, బోర్డువాణ్ణి ఎవరు చూస్తారు? ఆమె ప్రతిసారీ క్షమించండి అని, చెంపలు తుడుచుకుని, మళ్లీ నిలబడేది.

నాకు నాలుగో టేకుకే తెలిసిపోయింది. నోరు విప్పాల్సింది. తప్పు నాది, ఆ పిల్లది కాదు అంటే అయిపోయేది. కానీ అలా అంటే అక్కడికక్కడే నన్ను పంపేసేవారు, ఆ మధ్యాహ్నం ఆమెని చూసే భాగ్యం పోయేది. అదమ్మా నా వీరత్వం. నోరు విప్పాల్సిన రోజున విప్పలేదు, ఆ తర్వాత ఇరవై మూడేళ్లూ మూయలేదు. ఆమె మళ్లీ వస్తుందేమో, పెద్ద స్టారైపోయి ఇటు వస్తుందేమో అనుకునేవాణ్ణి. పిండి డబ్బాలో కాగితం ఉందని నాకేం తెలుసు. తెలిస్తే... తెలిసినా ఏం చేసేవాణ్ణో నాకు తెలీదు. నా మీద నాకే నమ్మకం లేదు.

"అయితే అమ్మ బాగా చేసిందా?"

ఇంకా నన్నే అడుగుతున్నావా తల్లీ. సరే, ఇందులో ఒక్క గింజ కూడా కలపను. నాకు కనబడింది తక్కువ, వినబడింది మాత్రం పదకొండు సార్లు. మూసిన కళ్లతోనే ఆ మాట అనేది. నీళ్లు తాగి వెళ్లు, దారి చాలా దూరం. వంటవాడు బంగాళాదుంపలు తొక్క తీస్తూ ఉండేవాడు, ఆ మాట వచ్చినప్పుడల్లా కత్తి ఆపేవాడు. పదకొండు సార్లూ ఆపాడు. మా మేస్త్రీ వాళ్లమ్మ దగ్గరికెళ్లి అప్పటికి ఆరేళ్లయింది, ఆ ఆదివారం వెళ్లొచ్చాడు. నాకు తెలిసింది అంతే. వెర్నా, నువ్వు చెప్పు, నా మాట ఇక ఎవరు నమ్ముతారు.

"పుస్తకంలో కళ్లు అని రాసిన ప్రతిసారీ పక్కన ఇంకో మాట కూడా రాశానమ్మా. గొంతు బాగుంది, ఉంచాలి. ఉంచారు. మొహం తీసేసి, వెనక నుంచి జుట్టు చూపించారు, గొంతు మాత్రం మీ అమ్మదే. నా ఉద్యోగంలో ఆ మాట నేను ఇంకెవరికీ ఎక్కువ సార్లు రాయలేదు."

తీసుకో, ఈ రుమాలు ఉతికిందే. ఆ ఉత్తరం మడిచి లోపల పెట్టెయ్యి. చింపేస్తావా? నీ ఇష్టం తల్లీ, అది నీది. నన్ను నాలుగు తిట్టినా నీ ఇష్టమే. ఈ ఊళ్లో అందరూ తిడతారు గానీ, తిట్టే హక్కున్నది నువ్వొక్కదానివే.

"తిట్టను. ఒకటి చెప్పండి. అమ్మ కళ్లు అసలు ఏ రంగు?"

...తెలీదమ్మా. నేను చూసినంతసేపూ మూసే ఉన్నాయి. నీలం నేను కల్పించిందే. ఆకుపచ్చా, బూడిదరంగూ అన్నీ కల్పించినవే.

"నాకు అమ్మ కళ్లే వచ్చాయంటారు అందరూ."

ఆగు, ఆగమ్మా. అద్దాలు తియ్యి గానీ కళ్లు మూసుకో, నేను చెప్పేదాకా తెరవకు. హార్లన్, లేచి ఆ కిటికీ తెర దించరా, ఎండ సూటిగా పిల్ల కళ్లలో పడుతోంది. ఇంకా దించు. ఇంకొంచెం. నేల మీద గీతలా మిగిలితే చాలు. నేను నేలే చూస్తున్నాను వెర్నా, ఎండ ఎక్కడుందో అదే చూస్తున్నాను. చెంప మీద కూడా లేదు. సరే తల్లీ, ఇప్పుడు తెరువు.

గోధుమరంగు.

ఇన్నేళ్లలో ఆ ఒక్క రంగే చెప్పలేదు కదరా హార్లన్.

"లేదు ఆర్లో. అదొక్కటీ చెప్పలేదు."